ఆ ఇన్సులిన్ సీసా ఇప్పుడు ఎవరింట్లో ఉంది?

ప్రశ్న: నేను జీఎన్‌ఎం నర్సింగ్ కోర్సు పూర్తి చేసి రెండేళ్లుగా కర్నూలులో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుగా పని చేస్తున్నాను. పది రోజుల కిందట నైట్ డ్యూటీలో 24 మంది పేషెంట్లకు ఇద్దరమే ఉన్నాము. పత్తికొండ వైపు పల్లె నుంచి వచ్చిన ఒక పెద్దాయనకు రాత్రి భోజనానికి ముందు 30/70 ఇన్సులిన్ 16 యూనిట్లు ఇవ్వాలని చార్టులో ఉంది. వార్డులోని సీసా అయిపోవడంతో ఆయన కొడుకు బయట మెడికల్ షాపు నుంచి కొత్తది తెచ్చాడు. నేను ఎప్పటిలాగే ట్రేలో ఉన్న సిరంజితో 16 గీత వరకు తీసి ఇచ్చాను. రాత్రి రెండు గంటలప్పుడు ఆయనకు ఒళ్లంతా చెమటలు పట్టి మాట తడబడింది. షుగర్ చూస్తే 46కు పడిపోయి ఉంది. డ్యూటీ డాక్టరు గారు 25 శాతం డెక్స్‌ట్రోజ్ (గ్లూకోజ్) ఇప్పించారు, ఆయన తేరుకున్నారు. తెల్లవారి చూస్తే సీసా మీద 100 అని ఉంది, నేను వాడింది ఎర్ర మూత 40 సిరంజి. సీనియర్ అక్కతో చెబితే "ఏమీ కాలేదు గదా, గమ్మునుండు" అన్నది. డాక్టరు గారు డోసును 10 యూనిట్లకు తగ్గించి రెండు రోజులకు డిశ్చార్జ్ చేశారు. అప్పటి నుంచి నాకు నిద్ర లేదు. ఇప్పుడు చెప్పాలా? చెబితే ఉద్యోగం పోతుందా? ఇంతమందికి తప్పు లేకుండా మందులు ఇవ్వడం ఎట్లా?

సమాధానం: మీరు మూడు ప్రశ్నలు అడిగారు. అడగని నాలుగో ప్రశ్న ఒకటుంది, ముందు దానికే జవాబు కావాలి. ఆ 100 సీసా ఇప్పుడు ఎక్కడుంది? కొడుకు తన డబ్బుతో కొన్నది కాబట్టి డిశ్చార్జ్ నాడు మిగిలిన మందుతో సహా ఇంటికే తీసుకుపోయి ఉంటాడు, దానితో పాటు వార్డులో చూసిన గుర్తుకు ఎర్ర మూత సిరంజిలే కొని ఉంటాడు. అదే జరిగి ఉంటే మీ వార్డులో ఒక్క రాత్రి జరిగిన పొరపాటు ఆ ఇంట్లో ప్రతి పూటా జరుగుతూ ఉండవచ్చు.

మీకు తెలిసిన లెక్కే అయినా ఒకసారి కాగితం మీద వేసి చూడండి. 40 సీసాలో ఒక మిల్లీలీటరుకు 40 యూనిట్ల మందు ఉంటుంది, ఎర్ర మూత సిరంజి మీది గీతలు ఆ సీసా కోసమే గీసినవి. 100 సీసాలో అదే మిల్లీలీటరుకు 100 యూనిట్లు ఉంటాయి, దానికి నారింజ రంగు మూత సిరంజి వాడాలి. ఎర్ర సిరంజిలో 16వ గీత అంటే 0.4 మిల్లీలీటర్లు, 100 సీసా నుంచి అంత తీస్తే ఒంట్లోకి పోయేది 40 యూనిట్లు, అంటే రాసినదానికి రెండున్నర రెట్లు. ఇప్పుడు ఆ పెద్దాయన అదే సీసా నుంచి, అదే రకం సిరంజితో 10వ గీత వరకు తీసుకుంటుంటే ఆయనకు అందుతున్నది 25 యూనిట్లు. ఒకవేళ ఊళ్లో షాపువాడు మామూలు 40 సీసా ఇచ్చి ఉంటే నిజంగా 10 యూనిట్లే అందుతాయి, కానీ అసలు 16 యూనిట్లకు షుగర్ పడిపోయిందని ఎవరూ నిరూపించలేదు కాబట్టి ఆ డోసు చాలక షుగర్ పైకి ఎక్కుతూ ఉండవచ్చు. ఎటు చూసినా ఆ పది అనే అంకెకు ఆధారం లేదు. డాక్టరు గారు తన ముందున్న కేస్ షీట్‌ను నమ్మి ఆ అంకె రాశారు, కేస్ షీట్‌లో మాత్రం జరిగింది లేదు.

అందుకే మీ మొదటి ప్రశ్నకు నా జవాబు: చెప్పాలి, ఈ జవాబు చదివిన రోజే చెప్పాలి. మీ మనసులో బరువు దిగుతుందని కాదు, అది తర్వాతి మాట. ఆ రాత్రే చెప్పి ఉంటే డ్యూటీ డాక్టరు గారికి ఇంకొక సంగతి తెలిసేది. 30/70 ఇన్సులిన్‌లో ఎక్కువ భాగం నిదానంగా, చాలా గంటలపాటు పని చేసే మందు. 40 యూనిట్లు పోయాయని తెలిసిన డాక్టరు ఒక్క డెక్స్‌ట్రోజ్‌తో ఆపకుండా, తెల్లవారేదాకా మళ్లీ మళ్లీ షుగర్ చూడమనీ సలైన్ బదులు డెక్స్‌ట్రోజ్ డ్రిప్ నడపమనీ రాసేవారు. తెలియని డాక్టరు పేషెంటు తేరుకున్నాడు కదా అని వెళ్లి పడుకుంటారు. ఆ పెద్దాయన రెండోసారి పడిపోకపోవడం ఆయన అదృష్టం, మీ అదృష్టం కూడా.

చెప్పే పద్ధతి గురించి రెండు మాటలు. మొదట ఆ పేషెంటును చూసిన డాక్టరు గారితో, వెంటనే మీ నర్సింగ్ సూపరింటెండెంట్‌తో, నేరుగా మాట్లాడండి. సీనియర్ అక్క ద్వారా కబురు పంపవద్దు, ఆమె ఏమన్నదో కూడా అక్కడ ఎత్తవద్దు. కొడుకు ఫోన్ నంబరు అడ్మిషన్ కాగితంలో ఉంటుంది. ఫోన్‌లో డోసు మీరు మార్చి చెప్పకండి, అది డాక్టరు గారు చెప్పవలసినది. సీసా, సిరంజి, డిశ్చార్జ్ కాగితం మూడూ పట్టుకొని పెద్దాయనతో కలిసి రమ్మని మాత్రం మీరు చెప్పవచ్చు. చెమటలు, వణుకు, తిక్కతిక్కగా మాట్లాడటం కనిపిస్తే, ఆయన మింగగలిగే స్థితిలో ఉన్నప్పుడు మూడు చెంచాల చక్కెర నీళ్లలో కలిపి తాగించి పావుగంటకు మళ్లీ షుగర్ చూడమనీ, స్పృహ లేకపోతే నోట్లో ఏమీ పోయకుండా 108కి ఫోన్ చేయమనీ కూడా చెప్పండి.

కేస్ షీట్‌లో పాత రాత మీద దిద్దవద్దు, వైట్నర్ అసలే పూయవద్దు. ఈ రోజు తేదీ, ఈ గంట వేసి, ఆలస్యంగా రాస్తున్నానని ముందే చెప్పి, ఫలానా రాత్రి ఫలానా గంటకు 100 బలం సీసా నుంచి 40 సిరంజితో 16 గీత వరకు తీసి ఇచ్చాననీ, అది 40 యూనిట్లకు సమానమనీ, ఈ సంగతి ఇప్పుడు ఫలానా డాక్టరుకు తెలిపాననీ రాసి సంతకం పెట్టండి. "పని ఒత్తిడి వల్ల" అనే మాట అందులో అక్కరలేదు, అది వేరే కాగితంలో రాయవలసిన విషయం.

ఉద్యోగం పోతుందా అన్నదానికి పోదని నేను మాట ఇవ్వలేను. యాజమాన్యాలు ఒక్కొక్కటి ఒక్కొక్క తీరు. ఎన్‌ఏబీహెచ్ (ఆసుపత్రుల నాణ్యతను పరిశీలించే జాతీయ సంస్థ) గుర్తింపు ఉన్న ఆసుపత్రి అయితే మందుల పొరపాట్లను నమోదు చేసి, కారణం వెతికి, సరిదిద్దే ఏర్పాటు ఉండి తీరాలి. అక్కడ మీ నివేదిక ఆసుపత్రికి కావలసిన కాగితమే. ఆ గుర్తింపు లేని చోట కూడా నేను చూసినంతలో, నర్సు తానే వచ్చి చెప్పిన తప్పుకు పడిన శిక్ష కన్నా, దాచిపెట్టగా బయటపడిన తప్పుకు పడిన శిక్షే పెద్దది. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2017లో మందుల పొరపాట్ల మీదే ప్రత్యేకంగా ఒక కార్యక్రమం మొదలుపెట్టి, తీవ్రమైన నివారించదగిన హానిని ఐదేళ్లలో సగానికి తగ్గించాలని లక్ష్యం పెట్టుకున్నదంటే ఇది కర్నూలులో ఒక వార్డుకో, రెండేళ్ల అనుభవమున్న ఒక అమ్మాయికో పరిమితమైన సంగతి కాదని మీకు అర్థం కావాలి.

ఇక మీ మూడో ప్రశ్న. సరైన పేషెంటు, సరైన మందు, సరైన డోసు, సరైన మార్గం, సరైన సమయం అని ఐదు "సరైనవి" మీరు మొదటి సంవత్సరంలోనే వల్లె వేసి ఉంటారు, ఇచ్చినది రాయడం ఆరోదిగా చేర్చుకొని ఉంటారు. ఆ రాత్రి మిమ్మల్ని ఆపి అడిగి ఉంటే ఐదూ సరిగ్గానే ఉన్నాయని మీరు ప్రమాణం చేసేవారు. పేషెంటు ఆయనే, మందు 30/70, డోసు 16, చర్మం కింద, భోజనానికి ముందు. అన్నీ చూశారు. చూడనిది ఆ రాత్రి ఏమి మారిందన్నది. రోజూ వార్డు సీసా, వార్డు సిరంజి ఒకదానికొకటి జతగా ఉండేవి. ఆ రాత్రి సీసా బయటి నుంచి వచ్చింది, సిరంజి మాత్రం పాతదే. నా 34 ఏళ్ల నర్సు ఉద్యోగంలో నేను చూసిన పొరపాట్లలో చాలా వాటికి ఇదే మూలం. రోజూ కలిసి ఉండే రెండింటిలో ఒకటి మారుతుంది, చెయ్యి మాత్రం అలవాటుగా కదిలిపోతుంది. కాబట్టి 24 మందికీ ఒకే రకం జాగ్రత్త చూపడం మనిషికి సాధ్యం కాకపోయినా, మార్పు జరిగిన చోట ఆగడం సాధ్యమే. కొత్త బ్రాండు వచ్చిందా, సీసా బయటిదా, పేషెంటు మంచం మారాడా, ఆర్డరు నోటిమాటగా వచ్చిందా, చార్టు నిన్నటి నుంచి మళ్లీ ఎత్తి రాసిందా, అక్కడ ఆగండి.

మంచం మారడం అన్నాను కదా, ఆ పాఠం నాకు సర్వీసులో మొదటి ఏడాదే వచ్చింది. అది ఒక ప్రభుత్వ ఆసుపత్రిలో ఆడవాళ్ల వార్డు. మే నెల, వార్డు మొత్తానికి తిరిగే ఫ్యాన్లు రెండు. మధ్యాహ్నం ఉక్కకు తాళలేక ఒక ముసలమ్మ, ఫ్యాను కింద మంచం మీదున్న పిల్లను బతిమాలి మంచం మార్చుకున్నది. సాయంత్రం నేను యాంటీబయాటిక్ సిరంజి పట్టుకొని పోయి "లక్ష్మీదేవమ్మ నువ్వే కదా?" అన్నాను. ఆమె "ఆఁ" అన్నది. ఆమెకు చెవుడు, తెల్ల చీర కట్టుకున్నవాళ్లు ఏది అడిగినా "ఆఁ" అనే వయసు. పైగా ఆమె పేరు కూడా లక్ష్మీదేవే. ఆమెకు ఆ మందు వల్ల ఏ హానీ జరగలేదు, నాకు మాత్రం వార్డు సిస్టరు చేతిలో అందరి ముందు చీవాట్లు పడ్డాయి. కానీ ఆ సిస్టరే మరునాటి నుంచి వార్డులో ఒక పద్ధతి పెట్టింది: పేరు మనం చెప్పకూడదు, వాళ్ల చేతనే చెప్పించాలి, ఆ వెంటనే ఊరు అడగాలి. మన జిల్లాల్లో ఒకే వార్డులో ఇద్దరు మద్దిలేట్లు, ముగ్గురు బాషాలు, నలుగురు లక్ష్మీదేవులు ఉండటం విశేషమేమీ కాదు, పల్లె నుంచి వచ్చినవాళ్లు ఇంటిపేరు చెప్పుకోవడం తక్కువ. "నీ పేరేం నాయనా, ఏ ఊరు మీది?" అని అడిగితే ఆదోని బాషా, ఆత్మకూరు బాషా విడిపోతారు. ఆ తర్వాత చేతికున్న బ్యాండు మీద ఐపీ నంబరు (ఆసుపత్రిలో చేరినప్పుడు ఇచ్చే నంబరు), చార్టు మీద నంబరు కలుస్తున్నాయో లేదో చూడండి. మంచం నంబరుతో మనిషిని గుర్తుపట్టవద్దు, మంచాలు మారుతుంటాయి.

రాత్రి ఫోన్ ఆర్డర్ల గురించి మీరు రాయలేదు, అయినా చెబుతాను. అత్యవసరమైతే తప్ప నోటిమాట ఆర్డరు తీసుకోకూడదు. తీసుకోక తప్పనప్పుడు విన్నదాన్ని ముందు కాగితం మీద రాసి, రాసినదాన్ని డాక్టరుకు తిరిగి చదివి వినిపించి, ఆయన అవునన్నాకే మందు ముట్టుకోవాలి. ఫోన్‌లో ఫిఫ్టీన్, ఫిఫ్టీ ఒకేలా వినబడతాయి. ఇక్కడ మన భాష అక్కరకు వస్తుంది: "పదిహేనా సార్, యాభైయా?" అని అడగండి, అప్పుడిక సందేహానికి తావుండదు. పొద్దున వచ్చి ఆయన సంతకం పెట్టాలి. పెట్టమని అడగడానికి మొహమాటపడవద్దు. చేతిరాతలో కూడా ఇటువంటి గుంటలే ఉంటాయి. యూనిట్లకు గుర్తుగా అంకె పక్కన రాసే ఇంగ్లీషు "యు" అక్షరం కాస్త మూసుకుపోతే సున్నాలా కనబడి, పది యూనిట్లు వంద అవుతాయి. మీరు చార్టు ఎత్తి రాసేటప్పుడు "యూనిట్లు" అని పూర్తిగా రాయండి. 5 మిల్లీగ్రాములను 5.0 అని రాయకండి, చుక్క చెరిగితే 50 అవుతుంది; .5 అని కూడా రాయకండి, 0.5 అని రాయండి.

కొన్ని మందుల విషయంలో మాత్రం తప్పు జరిగాక దిద్దుకునే వ్యవధి దొరకదు. ఇన్సులిన్, రక్తం గడ్డకట్టకుండా ఇచ్చే హెపారిన్, నొప్పికి ఇచ్చే మార్ఫిన్ వంటివి, అన్నిటికన్నా ముందు పొటాషియం క్లోరైడ్. మన దగ్గర దొరికే 10 మిల్లీలీటర్ల యాంప్యూల్‌లో 20 మిల్లీ ఈక్వివలెంట్ల (పొటాషియాన్ని కొలిచే ప్రమాణం) పొటాషియం ఉంటుంది, అది నేరుగా నరంలోకి వేస్తే గుండె ఆగిపోతుంది. దాన్ని డిస్టిల్డ్ వాటర్ యాంప్యూల్‌ల పక్కన, అదే ట్రేలో పెట్టిన వార్డు మీకు ఎక్కడ కనిపించినా ఆ క్షణమే అక్కడి నుంచి తీసి తాళం వేసిన అరలో పెట్టండి, ఎవరైనా ఎందుకని అడిగితే నా పేరు చెప్పండి. కలిపేటప్పుడు కూడా స్టాండుకు వేలాడుతున్న సలైన్ సీసాలోకి సూది గుచ్చి వేసి వదిలేయడం చాలా చోట్ల చూశాను. బరువైన ఆ ద్రావణం అడుగునే, డ్రిప్ గొట్టం మూతి దగ్గరే పేరుకొని, మొదటి చుక్కల్లోనే చిక్కగా దిగిపోతుంది. సీసాను స్టాండు నుంచి దించి, మందు వేసి, నాలుగైదు సార్లు తలకిందులు చేసి కలిపి, ఏమి ఎంత కలిపిందీ లేబుల్ రాసి అంటించి, అప్పుడు తగిలించాలి. మామూలు చేతి నరం ద్వారా అయితే గంటకు 10 మిల్లీ ఈక్వివలెంట్లు దాటకుండా నడపడం సాధారణంగా పాటించే హద్దు.

ఈ మందులకు రెండో మనిషి సరిచూడటం తప్పనిసరి. అయితే సరిచూడటం అంటే సిరంజి ఎత్తి చూపించి "అక్కా, 16 తీసినా, సరేనా?" అనడం కాదు. అక్కడ అక్క చూసేది మీరు చెప్పిన 16నే. చార్టు, సీసా, ఖాళీ సిరంజి ఆమె చేతికిచ్చి, మీ జవాబు చెప్పకుండా "ఈయనకు ఎంత తీయాలి?" అని అడగండి. ఆమె తనంతట తాను లెక్క వేసి చెప్పిన అంకె, మీ అంకె ఒకటైతేనే ముందుకు పోండి. ఆ రాత్రి ఇలా అడిగి ఉంటే ఆమె సీసా మీద 100 చదివి తీరేది. మీరిద్దరే ఉన్న రాత్రి ఆమె వేరే పేషెంటు దగ్గర ఉంటే రెండు నిమిషాలు ఆగండి. ఇన్సులిన్ రెండు నిమిషాలు ఆలస్యమైతే ఏమీ కాదు.

పిల్లల వార్డులో డ్యూటీ పడితే పారాసిటమాల్ గుర్తుంచుకోండి. డ్రాప్స్‌లో ఒక మిల్లీలీటరుకు 100 మిల్లీగ్రాములు, సిరప్‌లో 5 మిల్లీలీటర్లకు 125 లేదా 250. 10 కిలోల బిడ్డకు 150 మిల్లీగ్రాములు కావాలంటే డ్రాప్స్ ఒకటిన్నర మిల్లీలీటరు, 125 సిరప్ ఆరు, 250 సిరప్ మూడు. "ఆరు ఎంఎల్ పొయ్యమ్మా" అని మాత్రమే చెప్పి పంపితే, ఇంట్లో డ్రాప్స్ సీసా ఉన్న తల్లి 600 మిల్లీగ్రాములు పోస్తుంది. ఇది కూడా మీ ఇన్సులిన్ కథే, పాత్రలు వేరు.

ఇంకొక్కటి. మందు తీస్తున్న నర్సును పిలవడం మన ఆసుపత్రుల్లో ఎవరికీ తప్పుగా తోచదు. అటెండరు బిల్లు గురించి, పేషెంటు చుట్టాలు సలైన్ అయిపోయిందని, ఫార్మసీవాళ్లు ఇండెంట్ గురించి, అందరూ ఆ ట్రాలీ దగ్గరకే వస్తారు. "చేతిలో మందుంది, రెండు నిమిషాలు" అనే మాటను అలవాటు చేసుకోండి. ఎవరైనా మధ్యలో ఆపేస్తే, ఆపిన చోట నుంచి కాకుండా లేబుల్ చదవడం దగ్గర నుంచి మళ్లీ మొదలుపెట్టండి. అర నుంచి తీసేటప్పుడు ఒకసారి, సిరంజిలోకి తీసేటప్పుడు ఒకసారి, సీసా తిరిగి పెట్టేముందు ఒకసారి లేబుల్ చదవమని పాతకాలం సిస్టర్లు చెప్పింది ఇందుకే. పని తేలికవుతుందని ఐదారుగురి ఇంజెక్షన్లు ఒకేసారి తీసి, పేరు రాయని సిరంజిలు ట్రేలో వరసగా పెట్టుకోవద్దు. వేరొకరు తీసిపెట్టిన సిరంజిని, ఆమె మీ సొంత అక్క అయినా, మీరు ఇవ్వవద్దు.

మీ మీద పడే భాగం ఇంతవరకు. మిగిలినది యాజమాన్యం చేయవలసినది, దాన్నే ఆ వేరే కాగితంలో రాయండి. ఆసుపత్రి ఫార్మసీలో ఒకే బలం సీసాలు, వాటికి సరిపడే సిరంజిలు మాత్రమే ఉంచాలనీ, బయటి నుంచి వచ్చిన ఇన్సులిన్ సీసాకు సరైన సిరంజిని రబ్బరు బ్యాండుతో కట్టి ఒక్కటిగా పెట్టాలనీ, రాత్రి ఇద్దరు నర్సులకు 24 మంది ఎక్కువనీ రాయండి. మూడోదాన్ని వాళ్లు వింటారో లేదో కానీ మొదటి రెండింటికి పెద్ద ఖర్చేమీ లేదు. సరైన సిరంజి దొరకనప్పుడు ఎర్ర దానిలో ఎన్ని గీతలో లెక్క కట్టి ఇచ్చేద్దామనే సీనియర్లు ఉంటారు, ఆ లెక్క ఒక నర్సుకు వచ్చినా తర్వాతి షిఫ్టు నర్సుకు రాదు, సిరంజి తెప్పించండి. ఇన్సులిన్ పెన్నులో వాడే కార్ట్రిడ్జ్‌లోకి (మందు గొట్టంలోకి) సిరంజి గుచ్చి మందు తీయడం కూడా ఇటువంటి ప్రమాదమే, వాటిలో సాధారణంగా ఉండేది 100 బలం.

ఆ తండ్రీకొడుకులు వచ్చిన రోజు మీరు డ్యూటీలో ఉండేలా చూసుకోండి. జరిగింది డాక్టరు గారి సమక్షంలో వాళ్లకు కూడా తెలియాలి, అది ఆయన శరీరం. తర్వాత కొత్త డోసు, దానికి తగిన సిరంజి చేతికిచ్చి, వాడి పారేసిన సీసాలో నీళ్లు పోసి, కొడుకును మీ ఎదుటే తీసి చూపమనండి. సీసా మీద అంకె ఏదో, సిరంజి మూత రంగు ఏదో అతని నోటితోనే చెప్పించండి. అతను రెండుసార్లు సరిగ్గా తీసి చూపేదాకా ఇంటికి పంపవద్దు.